స్నేహలతారెడ్డి సభకు కొన్ని మాటలు

ఒరేయ్ మిత్రమా,

జనవరి 20న స్నేహలతారెడ్డి వర్ధంతి సభ పెడుతున్నావంటే ప్రాణం లేచొచ్చింది. ‘ఫిడేలు రాగాల డజన్’ కవి పఠాభి భార్యగా మనవాళ్ళకు తెలుసు, 1970లో వచ్చిన ‘సంస్కార’ సినిమాలో చంద్రిగా కన్నడిగులకు తెలుసు. ఎమర్జెన్సీలో ఆమె రాసుకున్న జైలు డైరీ సంగతే ఎవరికీ పట్టదు. అందుకని గంట సభలో నాటకాలకీ సినిమాకీ పది నిమిషాలు చాలు, మిగతా సమయం డైరీకివ్వు.

తేదీల దగ్గర మాత్రం జాగ్రత్త. చాలామంది వక్తలు “జైల్లో చనిపోయింది” అనేస్తారు. 1976 మే 2న అరెస్టు చేశారు. బెంగళూరు సెంట్రల్ జైల్లో ఎనిమిది నెలలకు పైగా ఉంచి, ఉబ్బసం ముదిరిపోయాక 1977 జనవరి 15న పెరోల్ మీద వదిలారు. అయిదు రోజులకే పోయింది. ఆ అయిదు రోజుల సంగతి చెప్పకుండా వదిలేస్తే ఎవడో ఒకడు లేచి “బయటే కదా పోయింది” అంటాడు. ఇక వైద్యం సరిగ్గా అందలేదన్న అసలు మాట ఎవరి చెవికీ ఎక్కదు.

ఎమర్జెన్సీని ఎదిరిస్తూ డైనమైట్‌తో పేలుళ్ళకు కుట్ర పన్నారంటూ పెట్టిన బరోడా డైనమైట్ కేసు దగ్గరా ఇదే తంటా. అందులో ముఖ్య నిందితుడు, సోషలిస్టు నాయకుడు జార్జి ఫెర్నాండెజ్‌తో స్నేహం ఉంది, ఆ కేసు పేరు చెప్పే పట్టుకెళ్ళారు. తీరా ఛార్జిషీటులో పాతికమంది పేర్లుంటే ఆమె పేరు లేదు. అయినా విచారణ లేకుండా నిర్బంధించే మీసా చట్టం కింద లోపలే ఉంచారు. ఎలా కుదిరిందని జనం అడుగుతారు. కారణం చెప్పకుండానే నిర్బంధించేలా 1975లోనే మీసాను సవరించారు. ఆమె అరెస్టుకు నాలుగు రోజుల ముందు, ఏప్రిల్ 28న, జబల్పూర్ కేసులో నిర్బంధాన్ని కోర్టులో సవాలు చేసే హెబియస్ కార్పస్ దారి కూడా సుప్రీంకోర్టు మూసేసింది. (ఒప్పుకోని ఒకే ఒక్క జడ్జి హెచ్.ఆర్. ఖన్నా. ఆయన పేరు తప్పకుండా చెప్పించు.) ఏప్రిల్ 28, మే 2 పక్కపక్కనే బోర్డు మీద రాయించు, సగం ఉపన్యాసం తగ్గుతుంది.

డైరీ ఒక్కరి చేతే చదివించు. కొత్తగా వచ్చిన ఆడ ఖైదీని అందరి ముందూ బట్టలు విప్పించే భాగం, మరుగుదొడ్డికి బదులు మూలన బొక్క ఉన్న గది, తోటి ఖైదీలను కొట్టడం ఆపించి తిండి బాగుపడేలా ఆమె పోరాడిన తీరు, ఈ మూడూ చాలు. ఇంగ్లీషులో రాసుకుంది కాబట్టి వాడుక తెలుగులోకి ముందే మార్చి పెట్టుకోండి, వేదిక మీద అప్పటికప్పుడు చేస్తే బిగువు పోతుంది. వెనకాల వయొలిన్ వద్దు. ఆయాసం నటించి చూపించడం అసలే వద్దు, చూసేవాళ్ళ కళ్ళు నటి మీదికి పోతాయి. రాత్రుళ్ళు ఆమె కేకలు వినిపించేవని అదే జైల్లో ఉన్న సోషలిస్టు నాయకుడు మధు దండవతే చెప్పారు. ఆ మాట ఆయన పేరుతోనే చెప్పండి.

పోస్టరు మీద చంద్రి బొమ్మ వేయకు, జనం సినిమా సభనుకుని వస్తారు. ఇప్పుడు ఫ్రీడమ్ పార్కుగా మారిన ఆ పాత జైలు ఫొటో వెయ్యి. అచ్చుకిచ్చే ముందు ఒక ప్రతి నాకు పంపు, తేదీలు సరిచూస్తాను.

నీ నేస్తం