మా గ్యారేజీ గోడకు అరలు బిగించిన వారికి కృతజ్ఞతలు

టెక్సస్‌లోని ఫ్రిస్కోలో మా ఇంటి గ్యారేజీలో ఇప్పుడు కారు పడుతోంది. దీనికి కారణమైన వారందరికీ పేరుపేరునా ధన్యవాదాలు చెప్పుకోవాలని ఉంది. పేర్లు మాత్రం వేయవద్దని సగం మంది ముందే షరతు పెట్టారు కనుక వరసలతోనే సరిపెడుతున్నాను.

కొలువు బొమ్మల పెట్టెలు, వినాయక చవితి మండపం సామాను, పెద్ద వంట గిన్నెలు, గ్రైండరు, ఖాళీ సూట్‌కేసులు అన్నీ నేల మీదే ఉండేవి. వాటి కోసం గోడకు బిగించే వైరు అరలు కొన్నాం. ఇంతలో మావారికి మోకాలి ఆపరేషన్ అయింది. బిగిస్తానని అడ్వాన్సు పుచ్చుకున్న మనిషి ఫోను ఎత్తడం మానేశాడు. డ్రిల్లు ఎవరి దగ్గరైనా ఉందా అని మా వీధి గ్రూపులో అడిగాను. డ్రిల్లుతో పాటు మనుషులూ వచ్చారు.

మొదటి నమస్కారం బాబాయి గారికి. నా స్నేహితురాలి నాన్నగారు. తెనాలి వైపు వడ్రంగం చేసి పిల్లలను చదివించిన మనిషి. కూతురి దగ్గర ఆరు నెలలు ఉండడానికి వచ్చారు. వచ్చీరాగానే గోడ మీద వేళ్లతో తట్టి, "అమ్మాయీ, ఇది గోడా, డప్పా?" అన్నారు. మన ఇటుక గోడల మధ్య పనిచేసిన వారికి ఆ సందేహం సహజమే. ఇక్కడ గోడంటే అర అంగుళం మందం జిప్సం పలక. దాని వెనక ఖాళీ. ఆ ఖాళీలో సాధారణంగా 16 అంగుళాలకు ఒకటి చొప్పున నిలువు చెక్కలు ఉంటాయి. వాటినే స్టడ్లు అంటారు. బరువు మోసేది అవే. పలకలో గుచ్చే ప్లాస్టిక్ ప్లగ్గులు ఒక ఫొటో ఫ్రేమును ఆపుతాయేమో గానీ గ్రైండరున్న అరను ఆపలేవు.

స్టడ్లు ఎక్కడున్నాయో చూపించినవారు ఎదురింటి పెద్దాయన. అగ్నిమాపక శాఖలో పనిచేసి రిటైరయ్యారు. ఆయన పరికరమేమీ తేలేదు. మా ఫ్రిజ్ మీది అయస్కాంతం తీసి గోడ మీద మెల్లగా జరిపారు. పలకను స్టడ్డుకు బిగించిన స్క్రూ తగిలిన చోట అది అతుక్కుపోయింది. అక్కడి నుంచి టేపు పట్టారు. టేపు మీద 16, 32, 48 అంకెల దగ్గర ఎర్ర గుర్తులు ఎందుకుంటాయో బాబాయి గారికి అప్పుడు అర్థమైంది. ఇంత మంచి ఏర్పాటు తనకెవరూ చెప్పలేదేమని కాసేపు కోపం తెచ్చుకున్నారు కూడా.

ఇద్దరికీ ఉమ్మడి భాష లేదు. మొదట నేను అటూ ఇటూ చెబుతూ వచ్చాను. కాసేపటికి నా అవసరమే లేకపోయింది. స్టడ్డు వెడల్పు ఒకటిన్నర అంగుళమే. డ్రిల్లు కాస్త పక్కకు పోయినా స్క్రూకు పట్టు దొరకదు. అందుకని బాబాయి గారు ప్రతి రంధ్రం దగ్గరా డ్రిల్లు వెంట వచ్చే పొడిని వేలితో తీసి చూసేవారు. తెల్లటి పొడి వస్తే పలకే. దాని వెనక చెక్కపొట్టు వస్తే, "దొరికింది" అనేవారు. పెద్దాయన ఆ ఒక్క తెలుగు మాట నేర్చుకుని వెళ్లారు.

బాబాయి గారికి ఇంకో ప్రత్యేక దండం పెట్టాల్సింది రసమట్టం విషయంలో. అంటే గీత సమంగా ఉందో లేదో బుడగతో చూపే పరికరం. నీళ్లు బయటికి పోవడానికి గ్యారేజీ నేలను తలుపు వైపు కాస్త వాలుగా పోస్తారు. నేల నుంచి కొలిచి గీత గీస్తే అర కూడా అలాగే వాలుతుంది. ఆయన టేపు పక్కన పెట్టి, రసమట్టం ఆనించి, పై పట్టీకి గీత గీశారు. ఆ పట్టీని స్టడ్లకు బిగించాక నిలువు పట్టీలు దానికి వేలాడతాయి, వాటి గాడుల్లో బ్రాకెట్లు దిగుతాయి. మిగతా పని చకచకా అయిపోయింది. వైరు అరలంటే మాత్రం ఆయనకు చివరిదాకా గిట్టలేదు. దుమ్ము నిలవదని ఒప్పుకున్నారు, చిన్న డబ్బాలు ఒరిగిపోతాయని సణిగారు. రెండూ నిజమే. డబ్బాల కింద ప్లాస్టిక్ షీటు పరిచాను.

మూడిళ్ల అవతలి అక్క బోల్టు కట్టర్ ఇచ్చారు. అది లేకపోతే వైరు అరల కడ్డీలను గోడ కొలతకు హ్యాక్సాతో కోస్తూ ఇంకా కూర్చుని ఉండేదాన్ని. కోసిన కొనలకు తొడుగులు వేసింది వాళ్లమ్మాయి. అసలు తెలివైన ప్రశ్న వేసింది కూడా ఆ పిల్లే: "ఆంటీ, కారు వెనక తలుపు పైకి లేస్తే అరకు తగలదా?" కారు లోపలికి తెచ్చి, తలుపు ఎత్తి చూసి, ఆ వైపు అరను ఇంకా పైకి జరిపాం. పెద్దవాళ్లం ఇంతమందిమి ఉండి ఒక్కరికీ తట్టలేదు!

వెళ్లేముందు పెద్దాయన రెండు మాటలు గట్టిగా చెప్పారు. గ్యాసు వాటర్ హీటరు చుట్టూ ఖాళీ ఉంచాలి, దాని దగ్గర పెట్రోలు, పెయింటు వంటివి పెట్టకూడదు. గ్రిల్లు సిలిండరు ఇంటి బయటే ఉండాలి. పనిలో పనిగా, ఇంటికీ గ్యారేజీకీ మధ్య గోడలో ఉన్న పాత రంధ్రాలు చూపించి పూడ్పించారు. గ్యారేజీలో నిప్పంటుకుంటే మంటను ఇంట్లోకి రాకుండా కాసేపైనా ఆపేది ఆ పలకేనట. ఆయన తెలుగు చదవలేరు కనుక విడిగా కార్డు రాసి, గారెలతో పాటు ఇచ్చి వచ్చాను.

బరువైనవన్నీ కింది అరల్లో సర్దాం. బియ్యం, పచ్చళ్లు మాత్రం ఇంట్లోనే. టెక్సస్ ఎండాకాలంలో గ్యారేజీ వేడికి ఆవకాయ ఏమవుతుందో తెలుసుకోవాలన్న కోరిక మాకెవరికీ లేదు.

అక్కా, బోల్టు కట్టర్ శుభ్రంగా తుడిచి ఉంచాను, శనివారం తెచ్చిస్తాను. ఇంకో మాట. రెండడుగుల అర ముక్క ఒకటి, కొన్ని తొడుగులు మిగిలాయి. మన వీధిలో ఎవరికైనా కావాలంటే వచ్చి తీసుకెళ్లండి.