అరుదైన మొక్కను దాచాలంటే ముందు దాని ఆరోగ్యం చూడాలి

సంపాదకుల వారికి నమస్కారం.

బొటానికల్ గార్డెన్ల మాట వస్తే పూల ప్రదర్శనలు, సందర్శకుల సంఖ్య, నడకదారుల దగ్గరే చర్చ ఆగిపోతోంది. నిధులిచ్చేవారు అడిగేదీ ఆ లెక్కలే. కానీ పార్కుకూ బొటానికల్ గార్డెన్‌కూ ఉన్న అసలు తేడా మొక్క వెనకున్న రికార్డులో ఉంది. దాన్ని ఎక్కడ, ఏ తేదీన సేకరించారు, విత్తనం తెచ్చారా కొమ్మ తెచ్చారా, ఎన్ని తల్లిమొక్కల నుంచి తెచ్చారు అన్న వివరాలు ఒక నంబరు కింద నమోదై ఉండాలి. ఆ నంబరు బిళ్ల ఊడిపోతే, మొక్క పచ్చగానే ఉన్నా పరిరక్షణకు దాని విలువ చాలావరకు పోయినట్టే.

ప్రపంచంలో తెలిసిన మొక్కల జాతుల్లో కనీసం 30 శాతం ఈ గార్డెన్లలో పెరుగుతున్నాయని 2017లో కేంబ్రిడ్జ్ పరిశోధకులు తేల్చారు. ముప్పులో ఉన్నట్టు గుర్తించిన జాతుల్లో 41 శాతానికి పైగా వీటిలో ఉన్నాయి. ఇవి గొప్ప అంకెలే. అయితే ఒక జాతి ‘ఉంది’ అన్నంత మాత్రాన అది క్షేమంగా ఉన్నట్టు కాదు. ఎన్సెఫాలార్టోస్ వుడియై అనే సైకాడ్‌నే (చూడటానికి ఈతచెట్టులా ఉండి, మగ, ఆడ మొక్కలు వేరువేరుగా ఉండే ప్రాచీన రకం) తీసుకోండి. 1895లో దక్షిణాఫ్రికా అడవిలో దాని మగ మొక్క ఒక్కటే దొరికింది. ఇప్పుడు ఎన్నో దేశాల గార్డెన్లలో ఉన్నవన్నీ దాని పిలకల సంతానమే. ఆడ మొక్క ఈనాటికీ దొరకలేదు కనుక ఆ జాతికి సొంత విత్తనం లేదు. ఫ్రాంక్లినియా అనే పూలచెట్టు కథ ఇంకొంచెం మేలు. అమెరికాలోని జార్జియాలో 1803 తర్వాత అది అడవిలో కనిపించలేదు. అంతకుముందే ఫిలడెల్ఫియాలోని బార్ట్రమ్ తోటకు చేరబట్టే నేటికీ మిగిలింది.

అందుకే విత్తన సేకరణకు గట్టి నియమాలున్నాయి. వీలైతే కనీసం 50 మొక్కల నుంచి తీసుకోవాలి. ఆ రోజు పండి ఉన్న విత్తనాల్లో ఐదో వంతుకు మించి కోయకూడదు. లేకపోతే మనం కాపాడబోయిన చోటే కొత్త మొలకలు కరువవుతాయి. తెచ్చిన విత్తనాన్ని ఎండలో పోయకూడదు. 15 డిగ్రీల సెల్సియస్, 15 శాతం గాలి తేమ ఉన్న గదిలో నెమ్మదిగా ఆరబెట్టి, గాలి చొరబడని సీసాలో మైనస్ 20 డిగ్రీల దగ్గర ఉంచాలి. తడి ఆరకుండా గడ్డకట్టిస్తే లోపల మంచు స్ఫటికాలు ఏర్పడి కణాలు చిట్లుతాయి. మూత రబ్బరు పాడైతే తేమ మళ్లీ లోపలికి చేరుతుంది. అందుకే సీసాలను మధ్యమధ్య చూస్తుండాలి, సుమారు పదేళ్లకోసారి మొలక పరీక్ష చేయాలి. మామిడి, పనస, రబ్బరు వంటి వాటి విత్తనాలు ఆరితే చస్తాయి. వాటికి బతికున్న చెట్లే బ్యాంకు. కొన్నింటి పిండాలను (విత్తనంలో మొలకెత్తే భాగాన్ని) మాత్రం మైనస్ 196 డిగ్రీల ద్రవ నత్రజనిలో ఉంచగలుగుతున్నారు.

ఇక బయటివారికి అంతగా కనిపించని పని, మా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైనది క్వారంటైన్. ఎన్నో ప్రాంతాల మొక్కలు ఒకచోట చేరినప్పుడు వాటితోపాటు తెగుళ్లూ చేరతాయి. కొత్తగా వచ్చిన మొక్కను నేరుగా తోటలో పెట్టకూడదు. దానికి సన్నని వల, ఒకదాని తర్వాత ఒకటి తెరుచుకునే రెండు తలుపులు ఉన్న విడి గది కావాలి. ఆ గది నీరు మిగతా మడుల్లోకి పారకూడదు. కుండీలను నేల మీద కాక ఎత్తైన బల్లల మీద ఉంచాలి, ఎందుకంటే వేర్లను కుళ్లబెట్టే ఫైటోఫ్తోరా అనే సూక్ష్మజీవి బీజాలు నీటిలో ఈదుతాయి, నీటి తుంపరతో పక్క కుండీకి దూకుతాయి. ఈ గదిలో పని రోజు చివర్లోనే చేయాలి, ఇక్కడి కత్తెర ఇంకెక్కడా వాడకూడదు. కత్తెరకు అంటిన మట్టి, జిగురు ముందు కడిగి, ఆ తర్వాతే 70 శాతం ఆల్కహాల్‌తో తుడవాలి. మురికి మీద మందు పనిచేయదు.

ఇక్కడ తరచూ జరిగే పొరపాటు ఒకటుంది. మొక్క కాస్త వాడిపోగానే శిలీంధ్రనాశిని కొట్టేస్తారు. అది తెగులును చంపకుండా లక్షణాలను మాత్రమే అణచేయవచ్చు. క్వారంటైన్ గడువు ముగిసి మొక్క తోటలోకి వచ్చాక, మందు ప్రభావం తగ్గగానే వేరుకుళ్లు బయటపడుతుంది. గమనింపు కాలంలో అలాంటి మందులు వాడకపోవడమే మంచిది. 2013లో ఇటలీ ఆలివ్ తోటల్లో గుర్తించిన జైలెల్లా బ్యాక్టీరియా అయితే కొన్ని మొక్కల్లో ఏ లక్షణమూ చూపకుండా ఉండిపోతుంది. కనుక కంటి చూపుకు తోడు ప్రయోగశాల పరీక్ష తప్పనిసరి.

ఇలా జాగ్రత్తగా చూసే గార్డెన్ చుట్టుపక్కల అడవులకూ, తోటలకూ కాపలా కాస్తుంది. దక్షిణాఫ్రికాలోని పీటర్‌మారిట్జ్‌బర్గ్ బొటానికల్ గార్డెన్‌లో 2017లో ప్లేన్ అనే నీడచెట్ల కాండాలపై చిన్న రంధ్రాలు కనిపించాయి. చేసింది సుమారు రెండు మిల్లీమీటర్ల పురుగు. తనతోపాటు ఫ్యుజేరియం శిలీంధ్రాన్ని మోసుకెళ్లి చెట్టును ఎండబెట్టే రకం. ఆ దేశంలో దాని ఉనికి బయటపడింది ఆ తనిఖీల వల్లే. ఇటువంటి సమాచారాన్ని దేశాల మధ్య పంచుకోవడానికి 2013 నుంచి అంతర్జాతీయ ప్లాంట్ సెంటినెల్ నెట్‌వర్క్ పనిచేస్తోంది.

కాబట్టి ఏ గార్డెన్ వార్షిక నివేదికలోనైనా సందర్శకుల అంకె పక్కనే ఇవి కూడా అడగాలని మీ పత్రిక ద్వారా కోరుతున్నాం: అడవి నుంచి రికార్డుతో సేకరించిన మొక్కలెన్ని, ఈ ఏడాది మొలక పరీక్ష చేసిన విత్తన నిల్వలెన్ని, క్వారంటైన్‌లో ఆపినవెన్ని, వేరే గార్డెన్‌లో నకలు ఉన్న అరుదైన జాతులెన్ని. ఈ చివరి ప్రశ్నకు ‘ఒక్కటీ లేదు’ అని జవాబు వస్తే ముందు ఆ పనే మొదలుపెట్టాలి. ఒక తుపాను, ఒక అగ్నిప్రమాదం చాలు, ఉన్న ఒక్క తోటా పోవడానికి. నకలు పంపేటప్పుడు ఆరోగ్య ధ్రువపత్రం, సేకరణ రికార్డు రెండూ మొక్కతోపాటే వెళ్లాలి.

ఇట్లు,
మొక్కల సంరక్షణ రంగంలో పనిచేస్తున్న పాఠకులు