దేశభాషే నేరమైన కాలం

సంపాదకులకు,

మధ్యయుగపు మతధిక్కారాలపై మీరు ప్రచురించిన వ్యాసం, ఇంగ్లండులో పద్నాలుగో శతాబ్దపు మతపండితుడు జాన్ విక్లిఫ్ అనుయాయులైన లొల్లార్డులను చర్చికి ఎదురుతిరిగినవారిగా మాత్రమే పరిచయం చేసి, వారి భాష సంగతి విడిచిపెట్టింది. వారి రాతప్రతులను దశాబ్దాలపాటు పరిష్కరించిన ఆన్ హడ్సన్, మతవిషయాలను లాటిన్‌లో కాక జనం మాట్లాడే ఇంగ్లీషులో చర్చించడమే ఆ ఉద్యమానికి ఆయువుపట్టని వాదించారు. 1409లో ఆర్చిబిషప్ అరుండెల్ అనుమతిలేని బైబిలు అనువాదాలను నిషేధించగా, ఇంట్లో ఇంగ్లీషు పుస్తకం ఉండటమే విచారణలలో అనుమానానికి ఆధారమయ్యేది. అయినా లొల్లార్డుల ఇంగ్లీషు బైబిలు రాతప్రతులు సుమారు 250 నేటికీ మిగలడం నన్ను అన్నిటికంటే ఆశ్చర్యపరచిన విషయం.

మన పాల్కురికి సోమనాథుడు వైదికాచారాన్ని ధిక్కరించిన శివభక్తుల కథలకు జనానికి సులువుగా అర్థమయ్యే జానుతెనుగును, ద్విపదను ఎంచుకోవడాన్ని దీనితో పోల్చవచ్చును గాని, ఇక్కడ దేశభాషలో రాసినందుకు కవిని విచారణకు ఈడ్చే చట్టమేదీ లేదన్న తేడాను మరువరాదు. గురజాడ నడయాడిన ఊరినుంచి ఈ ఉత్తరాన్ని ఇంత బిగువైన భాషలో రాస్తున్నందుకు నాకూ కొంత సిగ్గుగానే ఉన్నది. సోమనాథుని పండితారాధ్య చరిత్రను ఈ దృష్టితో చదివే వ్యాసమొకటి ప్రచురించవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు, విజయనగరం