కవాసాకి పెద్దాయనకు కృతజ్ఞతలు

ఒసాకాలో నాకు జపనీస్ నేర్పిన టీచరుగారు ఎన్నో ఏళ్లపాటు తన పాఠాలన్నీ ఎన్ఈసీ పీసీ-9801 అనే పాతకాలపు జపాన్ కంప్యూటరు మీదే రాసుకున్నారు. ఆ యంత్రం పాడయ్యే ముందు ఎవరో దాని 40 ఎంబీ హార్డ్‌డిస్క్ మొత్తాన్ని ఒకే ఫైలుగా కాపీ తీసి ఇచ్చారట. ఆ ఫైలును నెకో ప్రాజెక్ట్ 2 అనే ఎమ్యులేటర్‌లో (నేటి కంప్యూటరులో ఆ పాత యంత్రంలా పనిచేసే ప్రోగ్రాంలో) నడిపించాలని నేను మూడు వారాలు ప్రయత్నించి, డిస్కే చెడిపోయి ఉంటుందన్న నిర్ణయానికి వచ్చేశాను.

అప్పుడు కవాసాకిలో ఉంటున్న ఒక తెలుగు పెద్దాయన నన్ను అడిగినది ఒక్కటే: ఫైలు సరిగ్గా ఎన్ని బైట్లు? 41,564,160 అని చెప్పాను. ఆయన దాన్ని ఒక్కో సెక్టారు (డిస్కులో డేటా దాచే చిన్న ముక్క) బైట్ల సంఖ్య అయిన 256తో, తర్వాత 33తో, 8తో వరుసగా భాగించి, శేషం లేకుండా 615 వచ్చిందని చూపించి, ఇది 615 సిలిండర్లు, 8 హెడ్లు, ట్రాకుకు (డిస్కు మీది ఒక్కో వలయానికి) 33 సెక్టార్లు ఉన్న శాసి డిస్కు, అంటే శాసి అనే పాత పద్ధతిలో కంప్యూటరుకు కలిపే డిస్కు, అని తేల్చారు. సెక్టారు అంటే 512 బైట్లేనని నేను మొదటి నుంచీ అనుకోవడమూ, ఉత్త కాపీకి హెచ్‌డీఐ (ఆ ఎమ్యులేటర్ చదివే డిస్కు ఫైలు రకం) అని పేరు మార్చి ఊరుకోవడమూ నా పొరపాట్లు. హెచ్‌డీఐ ఫైలుకు ముందు ఈ కొలతలు చెప్పే హెడరు ఉండాలి. అది లేకపోవడంతో ఎమ్యులేటర్ డిస్కు మొదటి బైట్లనే కొలతలుగా చదువుకుంది. ఆయన 4,096 బైట్ల హెడరు రాసి, డిస్కు డేటాను దాని వెనుక చేర్చి, ఎమ్యులేటర్ ఆ డిస్కు ఫైలులోకే నేరుగా రాస్తుంది కనుక అసలు ఫైలును ముట్టుకోకుండా నకలు మీదే పని చేయమని మరీ మరీ చెప్పారు. ఆ జాగ్రత్త నాకు తట్టనే లేదు.

ఆ కంప్యూటరును నడిపే పాత ఆపరేటింగ్ సిస్టమ్ డాస్ తెరుచుకుంది. హార్డ్‌డిస్క్ నుంచి మొదలైతే ఈ రకం ఎన్ఈసీ కంప్యూటర్లలో అదే ‘ఏ’ (A) డ్రైవు అవుతుందని తెలియక, సీ డ్రైవు కోసం వెతుకుతున్న నన్ను కూడా ఆయనే సరిదిద్దారు. పాఠాలు షిఫ్ట్-జిస్ అనే జపనీస్ అక్షరాల ఎన్‌కోడింగ్‌లో (అక్షరాలను అంకెలుగా దాచే పద్ధతిలో) ఉన్నాయి కనుక, నేటి ఎడిటర్‌లో పిచ్చిగీతల్లా కనబడితే కంగారు పడవద్దని, ఎన్‌కోడింగ్ మార్చి తెరవమని ముందే హెచ్చరించారు.

అయ్యా, పేరు రాయవద్దన్నారు కనుక రాయడం లేదు. రెండు రాత్రులు నిద్ర మానుకుని, ముక్కూ మొహమూ తెలియని నాకోసం మీరు చేసిన సాయానికి మనస్ఫూర్తిగా నమస్కరిస్తున్నాను. మొన్న ఆదివారం టీచరుగారు ఆ తెర ముందు కూర్చుని తన మొదటి పాఠాన్ని పైకి చదివారు. తన తరఫున కూడా మీకు కృతజ్ఞతలు చెప్పమన్నారు.