బెజవాడను నడిపించి చూపించే మనిషి కావాలి

సంపాదకుడు గారికి నమస్కారం.

నడిచి ఊరు చూడటానికి 17,000 రూపాయలు ఇచ్చొచ్చామని చెబితే మా వీధిలో అందరూ నవ్వారు. డబ్బు కట్టకముందు నేనూ నవ్వినవాణ్నే కాబట్టి వాళ్లనేమీ అనను. మా అమ్మాయీ అల్లుడూ జపాన్‌లో ఒసాకాలో ఉద్యోగాలు చేస్తున్నారు. పోయిన నవంబరులో నేనూ మా ఆవిడా వెళ్లి మూడు వారాలున్నాం. వాళ్లిద్దరికీ సెలవు దొరకని ఒక రోజున మాకోసం గైడుని మాట్లాడింది అమ్మాయి. కారు లేదు, బస్సు లేదు, గుంపు లేదు, ఆ గైడూ మేమిద్దరమే, పొద్దున తొమ్మిదిన్నర నుంచి మధ్యాహ్నం రెండున్నర దాకా నడకే. "కారు కూడా లేకుండా అంత డబ్బెందుకే, ఫోన్‌లో మ్యాప్ పెట్టుకుని మీ అమ్మని నేనే తిప్పుతాను" అన్నాను. "నాన్నా, మ్యాప్ దారి చెబుతుంది, ఊరి సంగతులు చెప్పదు" అంది.

ఇదంతా పత్రికకి ఎందుకు రాస్తున్నానంటే, విజయవాడలో టూరిజం అన్నప్పుడల్లా మనవాళ్లు బోట్లు, లైట్లు, రోప్‌వేల దగ్గరే ఆగిపోతున్నారు. ఊరిని నడిపించి చూపించే మనిషి గురించి ఎవరూ మాట్లాడటం లేదు. అలాంటి మనిషి ఉంటే ఎలా ఉంటుందో నేను ఒక పూట చూసొచ్చాను.

ఆ గైడు అరవై దాటిన మనిషి, సన్నగా, కాన్వాసు బూట్లతో, భుజాన సంచిలో ఒక ఫైలుతో వచ్చింది. రెండు రోజుల ముందే మెయిల్లో ప్రశ్నలు పంపింది. ఆగకుండా ఎంతసేపు నడవగలరు, మోకాళ్ల నొప్పులున్నాయా, తిననివి ఏమిటి, ఏం ఉద్యోగం చేసేవారు. ఆఖరి ప్రశ్న ఎందుకో అర్థం కాలేదు గానీ, ఇరిగేషన్ శాఖలో వర్క్ ఇన్‌స్పెక్టర్‌గా 31 ఏళ్లు కాలువల మీదే తిరిగానని రాశాను. ఆ ఒక్క ముక్క చూసి ఆవిడ దారి మొత్తం మార్చేసిందట. అందరినీ తిప్పే కోట, టవర్లు పక్కన పెట్టేసి మమ్మల్ని నీళ్ల వెంట, వంతెనల వెంట తీసుకెళ్లింది. (కోట అప్పటికే మా అల్లుడితో చూసేశాం. 1583లో మొదలుపెట్టిన కోటే గానీ ఇప్పుడున్న బురుజు 1931లో కాంక్రీటుతో కట్టింది, లోపల లిఫ్టు కూడా ఉంది.)

యొదొయాబాషి అనే వంతెన దగ్గర మొదలైంది నడక. ఆ వంతెన పేరు ఒక వ్యాపారి కుటుంబానిది, మొదట కట్టించింది వాళ్లే. ఒసాకాకి 808 వంతెనల ఊరని పాతపేరు ఉందట. నిజానికి అన్ని లేవు, పాతరోజుల్లో ఉన్నవి 200 దాకా, అందులో ప్రభుత్వం కట్టినవి 12 మాత్రమే, మిగతావన్నీ వ్యాపారులూ వీధివాళ్లూ చందాలేసుకుని కట్టుకున్నవి అని ఆవిడ చెబుతుంటే నేను వంతెన పిట్టగోడ పట్టుకుని అలాగే నిలబడిపోయాను. ఒక కల్వర్టు శాంక్షన్ కోసం ఫైలు ఎన్ని బల్లలు తిరుగుతుందో చూసినవాణ్ని కదా.

అక్కడికి దగ్గర్లోనే దోజిమా అని పాత బియ్యపు బజారు ఉన్న చోటు చూపించింది. ఇప్పుడు అక్కడ ఒక గుర్తురాయి తప్ప ఏమీ లేదు. 1730 నాటికే ప్రభుత్వ అనుమతితో ఇంకా చేతికి రాని బియ్యానికి ముందే ధర కట్టి కాగితాల మీద కొనడం, అమ్మడం నడిచిందట అక్కడ. ఆ రోజు ధర పక్క ఊళ్లకి ఎలా తెలిసేది అనడిగితే, కొండ మీద ఒక మనిషి జెండా ఊపుతాడు, అవతలి కొండ మీదివాడు దుర్భిణితో చూసి తన జెండా ఊపుతాడు, అలా ఊరూరా పాకిపోయేదట ధర. మా బావమరిది గుంటూరు మిర్చి యార్డులో గుమాస్తా, పొద్దున లేస్తే ఫోన్‌లో క్వింటా ధర ఎంత అనే తప్ప వేరే మాట ఉండదు. వాణ్ని కొండెక్కించి చేతికి జెండా ఇస్తే ఎలా ఉంటాడో ఊహించుకుని మా ఆవిడ ఒకటే నవ్వు.

నది మధ్య లంకలో ఎర్ర ఇటుకల పబ్లిక్ హాలు ఒకటుంది, 1918లో పూర్తయింది. దాని ముందు మాత్రం ఆవిడ గొంతు తగ్గించింది. షేర్ల వ్యాపారం చేసే ఇవామొతో అనే ఆయన ఊరి కోసం 10 లక్షల యెన్‌లు విరాళం ఇచ్చాడట, 1911లో. ఆ తర్వాత మార్కెట్‌లో దెబ్బతిని, ఇచ్చిన డబ్బు వెనక్కి అడగడానికి మనసొప్పక, హాలు పూర్తికాకముందే ప్రాణం తీసుకున్నాడు. నేనొక్కణ్నే వెళ్లి ఉంటే ఆ హాలు ముందు ఫోటో దిగి వచ్చేసేవాణ్ని.

అక్కణ్నుంచి మిదోసుజి అనే పెద్ద రోడ్డు వెంట దక్షిణానికి నడిచాం. దాదాపు 4 కిలోమీటర్ల రోడ్డు, రెండు పక్కలా గింకో చెట్లు, నవంబరు కదా, ఆకులన్నీ పసుపు ముద్దలా ఉన్నాయి. ఒకచోట ఆపి సంచిలోంచి ఫైలు తీసి, ప్లాస్టిక్ కవర్లో పెట్టిన పాత ఫోటో చూపించింది. అదే చోటు, ఒక సందు. ఆరు మీటర్ల సందుని 1937 నాటికి 44 మీటర్లకి వెడల్పు చేశారట, కింద మెట్రో తవ్వుతూ పైన రోడ్డు వేస్తూ. అంత వెడల్పు రోడ్డేమిటి, ఇక్కడ విమానాలు దింపుతారా అని జనం అప్పట్లో వెక్కిరించారట. తమాషా ఏమిటంటే ఇప్పుడు అదే రోడ్డులో పక్క లైన్లు కార్లకి మూసేసి నడిచేవాళ్లకి కలిపేస్తున్నారు. మేం నడిచిన ముక్కలో కొంత అలా కలిపిందే.

నేల మీద పసుపు పలకల వరస ఎక్కడా తెగలేదు. చూపులేనివాళ్లు కాలితో, కర్రతో తెలుసుకోవడానికి గుబ్బలు ఉండే పలకలు. వాటిని కనిపెట్టింది జపాన్‌లోనే, 1965లో మియాకె అనే ఆయన. మొదట పరిచింది 1967లో, ఒకాయమా ఊళ్లో. మన దగ్గరా కొత్త ఫుట్‌పాత్‌ల మీద వేస్తున్నారు, కాదనను. నేను రోజూ వాకింగ్‌కి వెళ్లే చోట ఆ పసుపు వరస తిన్నగా వెళ్లి ట్రాన్స్‌ఫార్మర్ దిమ్మెకి కొట్టుకుని ఆగిపోతుంది. పలక వేసిన మనిషికి అది దేనికో ఎవరూ చెప్పి ఉండరు, అంతే.

దోతోన్‌బొరి కాలువ దగ్గరికి వచ్చాక నేను ఇంక గైడు మాట కూడా వినలేదు, నిజం చెప్పాలంటే. దోతోన్ అనే ఆయన 1612లో తవ్వించడం మొదలుపెట్టాడు, మధ్యలో యుద్ధంలో పోతే బంధువులు 1615లో పూర్తిచేశారు, కాలువకి ఆయన పేరే మిగిలింది. రెండు గట్ల మీదా నడవడానికి చెక్కలు పరిచారు. గేట్లు పెట్టి నీటిమట్టం అదుపులో ఉంచుతారట, అది చెబుతుంటే మాత్రం మళ్లీ చెవులు నిక్కబొడుచుకున్నాయి. నీళ్లు తేటగా ఏమీ లేవు సుమా, ఆకుపచ్చగానే ఉన్నాయి. కానీ కొట్లన్నీ కాలువ వైపు మొహం పెట్టి ఉన్నాయి. మన ఊళ్లో ఇళ్లన్నీ కాలువకి వీపు పెట్టి కూర్చుంటాయి, వీపు వెనక ఏం పారేసినా కనపడదు గదా. అక్కడ గ్లికో అనే మిఠాయి కంపెనీ ప్రకటన, చేతులెత్తి పరుగెత్తే మనిషి బొమ్మ, 1935 నుంచీ ఉందట, దాని ముందు మా ఆవిడ చేతులెత్తి ఫోటో దిగింది. ఆ ఫోటో మా బంధువులందరికీ చేరిపోయింది.

తిండి సంగతి చెప్పకపోతే మా ఆవిడ ఊరుకోదు. ఆమె శాకాహారి. కూరగాయల సూపే కదా అని నేను చూపించిన ప్రతిదానికీ గైడు చెయ్యి అడ్డం పెట్టింది. జపాన్‌లో పులుసుకి పునాది ఎండు చేప తురుముతో కాచిన నీళ్లు, పైకి చేప కనపడదు, రుచిలో ఉంటుంది. అది తెలియక మొదటి వారమంతా మేం ఏం తిన్నామో తల్చుకుంటే ఇప్పటికీ మా ఆవిడ ముఖం మాడ్చుకుంటుంది. గైడే ఒక కొట్టుకి తీసుకెళ్లి, ఉప్పులో ఊరేసిన పుల్లటి ఉమె కాయ పెట్టిన అన్నం ముద్ద ఇప్పించింది. మా ఆవిడ ఒక ముక్క కొరికి "నూనె, కారం మర్చిపోయిన మాగాయ" అంది. మూడు తిన్నది.

పక్క సందులో హొజెంజి అని చిన్న గుడి. నాచు పట్టి పచ్చటి తివాచీలా అయిపోయిన విగ్రహం, వచ్చినవాళ్లంతా గరిటెతో నీళ్లు పోస్తున్నారు. ఫుదో అంటారు, మీ సంస్కృతంలో అచల అని గైడు చెప్పగానే మా ఆవిడ చెప్పుల సంగతి అడిగి, గరిటె అందుకుని గోవిందా అంటూ అభిషేకం చేసేసింది. అది చూసి గైడు ఆఖర్లో మెట్రో ఎక్కించి షితెన్నోజికి కూడా తీసుకెళ్లింది, 593లో కట్టిన గుడి. నలుగురు దిక్పాలకుల గుడి అని దాని పేరు. తూర్పు దిక్కుకి ధృతరాష్ట్రుడు అనేసరికి మా ఆవిడ గాభరాపడింది, కౌరవుల తండ్రి ఇక్కడేం చేస్తున్నాడని. ఆయన వేరట. ఉత్తరానికి మాత్రం మన కుబేరుడే, వైశ్రవణుడు.

ఆ గైడుకి లైసెన్సు ఉంది. జపాన్‌లో 1949లోనే గైడులకి చట్టం వచ్చింది, చరిత్ర, భూగోళం, భాష అన్నిట్లో పరీక్ష రాసి నెగ్గితేనే డబ్బు తీసుకుని పరాయి దేశంవాళ్లని తిప్పాలని ఉండేది. 2018 నుంచి లైసెన్సు లేకపోయినా తిప్పొచ్చని సడలించారు, అయినా పరీక్ష, లైసెన్సు అలాగే ఉన్నాయి.

ఇంటికొచ్చాక పౌరుషం కొద్దీ, జనవరిలో హైదరాబాద్ నుంచి వచ్చిన మా తమ్ముడి కొడుకునీ కోడల్నీ నేనే నడిపిస్తానన్నాను. చెప్పడానికి మనకి తక్కువా? కాళేశ్వరరావు మార్కెట్ దగ్గర మొదలుపెట్టి, అయ్యదేవర కాళేశ్వరరావు గారు ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీకి మొదటి స్పీకరని చెప్పాను. మా కోడలికి బీసెంట్ రోడ్డు అంటే బట్టల కొట్లే, అనీబిసెంట్ పేరని అప్పుడే తెలిసింది. పింగళి వెంకయ్య గారు గాంధీకి జెండా ఇచ్చింది ఈ ఊళ్లోనే, 1921లో. 1855లో పూర్తయిన ఆనకట్ట 1952లో తెగితే 1957కి ప్రకాశం బ్యారేజి లేచింది, దాని తలదూము, అంటే కాలువలోకి నీళ్లు వదిలే గేట్ల నుంచి వచ్చిన నీళ్లే ఊళ్లో విడిపోయి బందరు కాలువ, ఏలూరు కాలువ, రైవస్ కాలువ అవుతాయి. ఈ చివరి సంగతి బ్యారేజి మీద నిలబడి చూపిస్తూ చెబుదామని దాచుకున్నాను. అక్కడిదాకా వెళ్లలేదు. ఫుట్‌పాత్ మీద బైకులు, దిగితే ఆటోలు, మళ్లీ ఎక్కితే మురుగుకాలువ మీద ఒక పలక లేదు, మా కోడలి కాలు మెలికపడింది. నా ఊరి చరిత్ర ఆటోలో ఇంటికి తిరిగొచ్చింది.

బండ్లవాళ్లని తీసేయమని నేను అనడం లేదు, పునుగుల బండి లేకుండా బెజవాడ నడక ఏం నడక. అడ్డం వాళ్లు కాదు, పార్కు చేసిన బైకులు. ఎండ అంటారా, పొద్దున ఆరు నుంచి ఎనిమిది దాకా ఎవరు ఆపారు. మార్కెట్ నుంచి బ్యారేజి దాకా ఒక్క దారి, ఒకే ఒక్క దారి, మనిషి తలెత్తుకుని నడిచేలా చేయండి. లాకుల దగ్గర పనిచేసి రిటైరైన లస్కర్లు ఉన్నారు, ఏలూరు రోడ్డులో నలభై ఏళ్లుగా పుస్తకాలు అమ్మేవాళ్లున్నారు, వన్‌టౌన్‌లో తాతల నాటి కొట్లవాళ్లున్నారు. వాళ్లలో మాట బాగా వచ్చినవాళ్లకి ఒక నెల తర్ఫీదిచ్చి, కార్డొకటి ఇచ్చి, పాత ఫోటోల ఫైలు చేతిలో పెడితే చాలు. డబ్బు తీసుకోనివ్వండి, ఊరికే చేయించుకోవద్దు. ఊరికే అంటే రెండో ఆదివారానికే ఎవరూ రారు.

ఆ గైడుకి మాటిచ్చాను, మా ఊరొస్తే నేను తిప్పుతానని. మర్యాదకి అన్నాననుకున్నాను గానీ ఆవిడ నిజంగానే వచ్చే ఫిబ్రవరిలో వద్దామనుకుంటోందట, మొన్న మెయిల్ పెట్టింది. ఎప్పటిలాగే ప్రశ్నలు. నడక మొత్తం ఎన్ని కిలోమీటర్లు, నీడలో కూర్చోవడానికి ఎక్కడెక్కడ వీలుంది, దారిలో ఆడవాళ్లకి టాయిలెట్ ఎక్కడ. మొదటిదానికి మూడున్నర అని రాశాను. రెండోదానికి రెండు గుళ్లు, ఒక టీ కొట్టు రాశాను. మూడోదానికి ఇంకా జవాబు పంపలేదు. ఆ దారిలో ఎక్కడైనా ఉంటే, శుభ్రంగా, పొద్దున ఆరింటికి తాళం తీసి, తెలిసినవాళ్లు మీ పత్రికకే రాసి చెప్పండి, నేను రోజూ చూస్తాను.

ఇట్లు,
ఇరిగేషన్ శాఖ విశ్రాంత ఉద్యోగి,
సత్యనారాయణపురం, విజయవాడ