బస్తీ లెక్క బస్తీకి విడిగా చెప్పాలి

సంపాదకులకు నమస్కారం.

మన దేశంలో 2011 తర్వాత జనాభా లెక్కలు జరగలేదు. 2021లో జరగాల్సినవి కరోనా వల్ల ఆగి, ఆ తర్వాత వాయిదా పడుతూ వచ్చాయి. ఇళ్ల లెక్క 2026లో, మనుషుల లెక్క 2027 ఫిబ్రవరిలో అని కేంద్రం ప్రకటించింది. ఈసారి అందరి కులమూ అడుగుతారు. చర్చ అంతా కులం చుట్టూ, నియోజకవర్గాల పునర్విభజన చుట్టూ నడుస్తోంది. అవి పెద్ద విషయాలే, కాదనను. కానీ వరంగల్ బస్తీల్లో ఉండేవాళ్ల తరఫున ఇంకొకటి అడగాలి. లెక్క తీశాక ఆ అంకెలను ఏ స్థాయిలో మన ముందు పెడతారు?

నేను టీచర్‌గా ఉన్నప్పుడు 2011 జనాభా లెక్కల కోసం ఈ డ్యూటీ చేశాను. ఇళ్ల లెక్కలో అడిగేవి చిన్న ప్రశ్నల్లా కనిపిస్తాయి గానీ ఒక కుటుంబం ఎలా బతుకుతోందో మొత్తం అందులోకి వచ్చేస్తుంది. గోడ దేనితో కట్టారు, కప్పు స్లాబా రేకులా, గదులు ఎన్ని, ఇల్లు సొంతమా కిరాయా, వాడిన నీళ్లు మూసిన మోరీలోకి పోతాయా, తెరిచిన మోరీలోకా, అసలు మోరీయే లేదా? తాగే నీళ్లు ఇంటి ఆవరణలోనే దొరుకుతాయా, బయటికి పోవాలా అన్నది కూడా రాసుకుంటారు. పట్టణంలో వంద మీటర్లు దాటితే దాన్ని దూరం కిందే లెక్కేస్తారు. రోజూ బిందె మోసే మనిషికి ఆ వంద మీటర్లు ఎంతో తెలుసు.

ఇంత వివరంగా రాసుకున్నది చివరికి సగటుగా మారిపోతుంది. కార్పొరేషన్‌లో ఒక డివిజన్‌లో, అంటే ఒక వార్డులో, వెయ్యి ఇళ్లు ఉన్నాయనుకోండి. ఎనిమిది వందల ఇళ్లకు నల్లా ఉంది. మిగిలిన రెండు వందలు నాలా పక్కన గుడిసెలు, రేకుల ఇళ్లు, వాటికి లేదు. కాగితం మీద ఆ డివిజన్‌లో 80 శాతం ఇళ్లకు నల్లా ఉన్నట్టు పడుతుంది. అది చూసిన అధికారికి పని దాదాపు అయిపోయినట్టే అనిపిస్తుంది. ఆ రెండు వందల ఇళ్లూ ఒకే చోట ఉన్నాయనీ, అక్కడ నల్లా ఉన్న ఇల్లు ఒక్కటీ లేదనీ ఆ అంకె చెప్పదు.

ఇది నా ఊహ మాత్రమే కాదు. బెంగళూరు ఐఐఎం వాళ్లు కూడా ఉన్న ఒక పరిశోధక బృందం దేశంలోని 147 నగరాల 2011 లెక్కలను ఎన్యూమరేషన్ బ్లాకుల స్థాయిలో పరిశీలించింది. కులాలవారీగా జనం విడివిడిగా బతకడం వార్డుకీ వార్డుకీ మధ్య కంటే ఒకే వార్డు లోపల ఎక్కువగా బయటపడిందని వాళ్లు చూపించారు. బ్లాకు అంటే సుమారు 650 నుంచి 800 మంది ఉండే చిన్న ముక్క, లెక్క రాసే ఒక ఎన్యూమరేటర్ తిరిగేంత. మన దగ్గర బస్తీ అంటే దాదాపు అంతే.

వరంగల్ సంగతి ఇంకా చిక్కు. 2013లో 42 గ్రామాలను కార్పొరేషన్‌లో కలిపారు. 2016లో జిల్లాను ముక్కలు చేశారు, 2021లో పేర్లు మార్చారు. ఇప్పుడు నగరం హనుమకొండ, వరంగల్ అనే రెండు జిల్లాల్లోకి చీలి ఉంది. 2021లోనే కార్పొరేషన్ ఎన్నికలు 66 డివిజన్లకు జరిగాయి. 2011 నాటి వార్డుల పట్టికను ఈ డివిజన్ల మీద పెడితే ఎక్కడా అతకదు. అయినా ఎన్నో పనులకు ఆధారం ఇంకా ఆ పాత లెక్కే. ఆహార భద్రత చట్టం కింద ఏ రాష్ట్రంలో ఎంతమందికి బియ్యం ఇవ్వాలో కేంద్రం ఇప్పటికీ 2011 జనాభా మీదే తేలుస్తోంది. ఆ లెక్క తర్వాత పుట్టిన పిల్లలు హైస్కూలుకు వచ్చేశారు.

మన రాష్ట్రం 2024 నవంబర్‌లో మొదలుపెట్టిన ఇంటింటి కుటుంబ సర్వే మంచి పని. కానీ 2025 ఫిబ్రవరిలో ప్రకటించినప్పుడు ముస్లిం బీసీలతో కలిపి బీసీలు 56.33 శాతం, ఎస్సీలు 17.43, ఎస్టీలు 10.45 అని రాష్ట్రం మొత్తానికి చెప్పారు. ఆ శాతాలతో రిజర్వేషన్ల వాదన చేయవచ్చు. ఏనుమాముల మార్కెట్ చుట్టూ హమాలీలు ఉండే ఇళ్లలో మరుగుదొడ్డి సొంతమా, నాలుగు కుటుంబాలకు ఒక్కటేనా అన్నది వాటితో తేలదు. కొత్తవాడలో మగ్గం ఉన్న ఇంట్లో ఎన్ని గదులో కూడా తేలదు.

వరదలప్పుడు ఇదే కనిపించింది. 2020 ఆగస్టులో, 2023 జూలైలో, 2025 అక్టోబర్‌లో మొంథా తుఫాను అప్పుడు ఎన్‌టీఆర్ నగర్, సంతోషిమాత కాలనీ లాంటి చోట్ల ఇళ్లలోకి నీళ్లు వచ్చినట్టు మీ పేపర్‌లోనే చదివాం. ప్రతిసారీ నీళ్లు తీశాక సర్వే అన్నారు. మోరీ లేని ఇళ్లు, రేకుల ఇళ్లు, ఒకే గది ఇళ్లు ఎక్కడ గుంపుగా ఉన్నాయో బ్లాకులవారీగా ముందే చేతిలో ఉంటే, పడవలు ముందు ఏ సందులోకి పోవాలో వాన పడకముందే తెలుస్తుంది.

లెక్కలోకి రాకుండా మిగిలిపోయేవాళ్ల గురించి కూడా చెప్పాలి. పరకాల, నర్సంపేట, ములుగు వైపు నుంచి వచ్చి ఇక్కడ ఒక గదిలో కిరాయికి ఉంటూ కూలి చేసుకునేవాళ్లకు ఒక భయం ఉంది. ఇక్కడ పేరు రాయిస్తే ఊళ్లో రేషన్ కార్డు పోతుందేమో, ఓటు పోతుందేమో అని. 2014 ఆగస్టు 19న ఒక్కరోజు సర్వేకు జనం బస్సుల్లో కిక్కిరిసి సొంతూళ్లకు పోయింది అందరికీ గుర్తే. ప్రభుత్వ భూమిలో గుడిసె వేసుకున్నవాళ్ల టెన్షన్ వేరు, పేరు చెబితే రేపు ఖాళీ చేయిస్తారని. వీళ్లకు ఎవరో ఒకరు కూర్చోబెట్టి చెప్పాలి: 1948 జనాభా లెక్కల చట్టం 15వ సెక్షన్ ప్రకారం మీరు రాయించింది ఎవరికీ చూపించరు, కోర్టులో మీ మీద సాక్ష్యంగా వాడరు, ఎక్కడ ఉంటున్నారో అక్కడే రాయించుకోండి అని. ఈ మాట బస్తీలో తెలిసిన మనిషి, అంగన్‌వాడీ టీచరో, ఆశ కార్యకర్తో, మహిళా సంఘం లీడరో చెబితే నమ్ముతారు. ఫ్లెక్సీ కడితే నమ్మరు.

బ్లాకు మొత్తాలు ప్రకటిస్తే ఎవరి రహస్యమూ బయటపడదు, పేర్లు ఉండవు కాబట్టి. అందుకే కార్పొరేషన్ కమిషనర్ గారిని, రెండు జిల్లాల కలెక్టర్లను మీ పత్రిక ద్వారా అడుగుతున్నాను. వరంగల్ ఇళ్ల లెక్కలను బ్లాకులవారీగా ఇవ్వమని సెన్సస్ శాఖకు ఇప్పుడే రాయండి. ఏ బ్లాకు ఏ డివిజన్‌లో, ఏ బస్తీలో పడుతుందో తెలిసేలా మ్యాపు చేసి వార్డు ఆఫీసులో గోడకు పెట్టండి. నల్లాలు, మోరీలు, మరుగుదొడ్ల బడ్జెట్ రాసేటప్పుడు అట్టడుగున ఉన్న బ్లాకుల నుంచి మొదలుపెట్టి పైకి రండి.

— ఒక రిటైర్డ్ ఉపాధ్యాయిని,
కరీమాబాద్, వరంగల్