జ్వాలాపురం రాళ్ళకు కార్బన్ పరీక్ష చేయలేదు

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం జిల్లా పేజీలో మా జ్వాలాపురం మీద వార్త వేశారు. సంతోషం. యాగంటికి పోయే బస్సుల్లో ఎంతమందికి తెలుసు, ఆ దగ్గర్లోనే ఇంత కథ ఉందని? అయితే ఫొటో కింద, ఇక్కడ దొరికిన రాతి పనిముట్లు సరిగ్గా 74 వేల ఏళ్ళనాటివని కార్బన్ పరీక్షలో తేలినట్టు రాశారు. ముప్పై ఒక్క ఏళ్ళు బనగానపల్లె చుట్టుపక్కల హైస్కూళ్ళలో ఫిజికల్ సైన్సు చెప్పినవాణ్ణి, చూస్తూ ఊరుకోలేకపోయాను. ఆ ఒక్క వాక్యంలో మూడు తప్పులున్నాయి. కార్బన్‌తో వయసు కట్టలేదు. అసలు రాళ్ళకే కట్టలేదు. "సరిగ్గా" అని ఎవరూ అనలేదు.

కార్బన్ సంగతి త్వరగా ముగిస్తాను. బతికున్నంత కాలం చెట్టైనా గొడ్డైనా గాలిలోంచో తిండిలోంచో కార్బన్-14 తీసుకుంటూనే ఉంటుంది. ప్రాణం పోయాక కొత్తది చేరదు, ఉన్నది 5,730 ఏళ్ళకు సగం చొప్పున తరిగిపోతుంది. 74 వేల ఏళ్ళంటే దాదాపు పదమూడుసార్లు సగమవ్వాలి. దాదాపు ఎనిమిది వేల వంతుల్లో ఒక వంతే మిగులుతుంది. అసలేమీ మిగలని పాత బొగ్గులో నూటికి ఒక వంతు ఇప్పటి కార్బన్ కలిసిందనుకోండి, అది 38 వేల ఏళ్ళదిగా కనబడుతుంది. అందుకే 50 వేల ఏళ్ళు దాటితే ఈ పద్ధతి చేతులెత్తేస్తుంది. ఇక రాయి. అది ఎన్నడు బతికింది గనక చచ్చిపోవడానికి? ఈ మధ్య ఎక్కడ చూసినా రాతి విగ్రహానికి కార్బన్ టెస్ట్ చేయించాం, ఐదు వేల ఏళ్ళు అంటున్నారు. ఏ ముక్క తీసి చేశారని అడగండి, మాట మారుస్తారు.

పోనీ వేరే పద్ధతిలో రాయికి వయసు కట్టినా మనకు ఒరిగేదేమీ లేదు. మా ప్రాంతపు నాపరాయి పుట్టి కోట్ల ఏళ్ళయింది. మనకు కావలసింది రాయి పుట్టిన తేదీ కాదు, దాన్ని మనిషి చెక్కి పారేసిన తేదీ. ఆ తేదీ రాయిలో ఉండదు. రాయి పడి ఉన్న మన్నులో ఉంటుంది.

ఇది నాకూ పుస్తకంలో చదివి తెలిసింది కాదు. 2000 తర్వాతి తొలి ఏళ్ళలో ధార్వాడ కర్ణాటక విశ్వవిద్యాలయం ఆచార్యుడు రవి కొరిసెట్టర్, మైఖేల్ పెట్రాగ్లియా బృందం మా జ్వాలాపురం ఉన్న జుర్రేరు లోయలో తవ్వుతున్నప్పుడు సెలవు రోజుల్లో స్కూటర్ వేసుకుని పోయి చూసేవాణ్ణి. ఒకనాడు గోతి గోడను తాపీతో నున్నగా చెక్కి, మూరెడు లేని ఇనుప గొట్టాన్ని సుత్తితో అందులోకి దిగగొట్టారు. బయటికి లాగీ లాగకముందే రెండు మూతులూ మూసి, నల్ల కవరు చుట్టి, టేపు వేశారు. "ఏం నాయనా, మన్నుకు ఇంత మర్యాద?" అన్నాను పక్కనున్న కుర్రవాడితో. "ఎండ తగిలితే వయసు పోతుంది సార్" అన్నాడు.

ఆ మాట నాకు ఎక్కడానికి రెండు రోజులు పట్టింది. తర్వాత నా క్లాసులో దాన్ని యాగంటి గుడి హుండీతో చెప్పేవాణ్ణి. ఇసుకరేణువుకు నిజానికి ఎండ తగిలితే లోపల పోగైనదంతా ఖాళీ అవుతుంది, హుండీ తెరిచి లెక్కపెట్టి మళ్ళీ తాళం వేసినట్టు. పైన ఇంకో పొర మన్ను పడి చీకటైందంటే తాళం పడినట్టే. అక్కణ్ణించి చుట్టూ ఉన్న మన్నులోని యురేనియం, థోరియం, పొటాషియం రోజూ ఇంతని కానుక వేస్తూ ఉంటాయి, ఆకాశం నుంచి కాస్మిక్ కిరణాలు ఓ చిల్లర వేస్తాయి. ఆ శక్తి పలుగురాయి రేణువులోని చిన్న చిన్న లోపాల్లో ఇరుక్కుని ఉంటుంది. ల్యాబులో ఎర్రదీపం వెలుతురులో గొట్టం తెరిచి, రేణువుల మీద ఒక రంగు కాంతి వేస్తే, ఇరుక్కున్నది సన్నటి మెరుపై బయటికొస్తుంది. మొత్తం ఎంత పోగైంది, ఏడాదికి ఎంత పడుతుంది అని భాగహారం చేస్తే తాళం వేసి ఎన్నేళ్ళయిందో వస్తుంది. మన్నులో తేమ ఎక్కువుంటే కానుక తగ్గుతుంది, అందుకని తేమ కూడా కొలుస్తారు. హుండీ నిండిపోయాక పడేది లెక్కకు రాదు, దీనికీ ఒక హద్దుంది. ఒక పిల్లవాడు లేచి "దొంగ తాళం పగలగొడితే సార్?" అన్నాడు. గొట్టానికి నల్ల కవరు అందుకే అన్నాను.

2007లో సైన్స్ పత్రికలో ఆ తవ్వకాల బృందం వ్యాసం వచ్చింది. అక్కడ మన్ను పొరల నడుమ ఒక అగ్నిపర్వతపు బూడిద పొర ఉంది. దానికి కింది మన్ను 77 వేల ఏళ్ళు, అటూ ఇటూ 6 వేలు. పైది 74 వేలు, అటూ ఇటూ 7 వేలు. ఈ "అటూ ఇటూ" మీ వార్తలో ఎగిరిపోయింది. అది శాస్త్రవేత్తల మొహమాటం కాదు, కొలతలో భాగం. ఆ రెండు అంకెల్నీ పక్కపక్కన పెట్టి చూడండి, ఒకదాని హద్దుల్లోకి ఇంకొకటి వస్తుంది.

మధ్యలో ఉన్న బూడిదే అసలు విశేషం. రెండున్నర వేల కిలోమీటర్లకు పైగా దూరంలో, సుమత్రా దీవిలో టోబా అగ్నిపర్వతం పేలినప్పటిది. అక్కడి స్ఫటికాల్లో పొటాషియం మారి పోగైన ఆర్గాన్‌ను కొలిచి దాని వయసు కట్టారు, అదీ దాదాపు 74 వేలే. ఒకదానితో ఒకటి సంబంధం లేని రెండు గడియారాలు ఒకే గంట కొట్టడమన్నమాట. మీరు రాసినట్టు రెండు మీటర్ల బూడిద ఆకాశం నుంచి పడలేదు. పడింది కొద్ది సెంటీమీటర్లే, మిగిలింది చుట్టూ గుట్టల మీద పడి వానకు కొట్టుకొచ్చి లోయలో పేరుకుంది. దానికి కిందా పైనా ఉన్న పనిముట్లు ఒకే తీరుగా ఉన్నాయి గనక ఆ విపత్తును ఇక్కడి మనుషులు తట్టుకున్నారని వాళ్ళ వాదన. ఆ పొరల్లో మనిషి ఎముక దొరకలేదు కాబట్టి, చెక్కింది మనలాంటి మనుషులేనా అన్న తగాదా తీరలేదు. కార్బన్‌ను మరీ తీసిపారేస్తున్నానని అనుకోకండి. అక్కడే ఒక రాతి గూడులో దొరికిన చిన్న చిన్న రాతి మొనలున్న పొరకు సుమారు 35 వేల ఏళ్ళని చెప్పింది కార్బనే.

నా చిన్నప్పుడు మా అమ్మ గిన్నెలు తోమింది ఆ బూడిదతోనే. తెల్లగా, పిండిలా ఉండేది, కానీ వేళ్ళ మధ్య నలిపితే సన్నగా గీరేది. సర్వీసులో చేరాక బడి మైక్రోస్కోపు కింద పెట్టి చూశాను. పగిలిన బల్బు పెంకుల్లా వంపు తిరిగిన గాజుముక్కలు! అంట్లకు అంత మెరుపు ఎందుకొచ్చేదో అప్పుడు అర్థమైంది.

ఇప్పుడు నా తప్పు చెప్పుకోవాలి. వాళ్ళెవరూ రాకముందు, పిల్లల్ని వెంటబెట్టుకుని ఆ గుంటల్లో తిరిగి నలభై దాకా రాతి పెచ్చులు ఏరుకొచ్చాను. సర్ఫ్ నీళ్ళలో కడిగించి, మట్టి మరక లేకుండా తుడిపించి, అద్దాల బీరువాలో వరుసగా పేర్పించాను. చీటీల మీద అందమైన దస్తూరితో "ఆదిమానవుని పనిముట్లు" అని రాయించాను. ఇన్‌స్పెక్షన్‌కు వచ్చినవాళ్ళంతా మెచ్చుకున్నారు. తవ్వకాలకు వచ్చిన ఒక పరిశోధకురాలు మాత్రం చాలాసేపు చూసి ఒకే ప్రశ్న అడిగింది: "ఇవి బూడిదకు కిందివా, పైవా సార్?" నేను పిల్లల వైపు చూశాను, పిల్లలు నా వైపు చూశారు.

ఆ బూడిదను ఏళ్ళ తరబడి అంట్ల పొడికీ, డిటర్జెంట్లలో కలపడానికీ తవ్వి తరలించారు. కూలి పని చేసుకునేవాళ్ళను నేను తప్పుపట్టను. కానీ లారీకి ఎత్తినప్పుడు పోయేది బూడిద ఒక్కటే కాదు, దాని కిందా పైనా అని చెప్పుకునే వీలు కూడా. మీ వార్త చదివి ఈ సెలవుల్లో పిల్లలూ పెద్దలూ అక్కడికి తప్పకుండా వస్తారు. రాయి కనబడితే పీకవద్దని, ఉన్నచోటే సెల్‌ఫోన్లో ఫొటో తీసుకుని పురావస్తు శాఖకు తెలియజేయమని మీ పేపర్లో రెండు లైన్లు వేయండి. సవరణ వేసినా వేయకపోయినా ఆ రెండు లైన్లు వేస్తే చాలు.

మా బడి బీరువా ఇంకా ఉంది. రిటైరయ్యే వారం ముందు పాత చీటీలు తీసేసి, నా చేత్తోనే ఒకటి రాసి అతికించాను: "జ్వాలాపురం దగ్గర ఏరినవి. ఏ పొరలోవో రాసుకోలేదు. వయసు చెప్పలేము."

ఇట్లు,
విశ్రాంత ఉపాధ్యాయుడు,
బనగానపల్లె, నంద్యాల జిల్లా.